పొదలో మైకు, పెట్టెలో కెమెరామన్

ప్రశ్న: హాలీవుడ్ హాస్యచిత్రం 'సింగింగ్ ఇన్ ది రెయిన్'లో నాయిక తల తిప్పితే మాట వినిపించదు. సినిమా ఆడుతుండగా ఆమె పెదవుల మీద విలన్ గొంతు పలుకుతుంది. ఇంటిల్లిపాదీ పడీపడీ నవ్వాం. తొలి టాకీల రోజుల్లో నిజంగా ఇంత గందరగోళం ఉండేదా?
- ఒక పాఠకురాలు

జవాబు: ఉండేదమ్మా. 1952 నాటి ఆ చిత్రంలో చూపించింది 1927, మాటలు వినిపించిన 'ది జాజ్ సింగర్' చిత్రం వచ్చి స్టూడియోలన్నీ మాటల కోసం పరుగులు తీసిన కాలం. అప్పటి మైకు తనవైపు తిరిగి పలికిన మాటనే సరిగ్గా పట్టుకునేది. తెర మీద కనిపించకూడదు కనుక పూలకుండీల్లో దాచేవారు. కెమెరామన్ సంగతి తలచుకుంటే మాత్రం నాకు నవ్వు రాదు. కెమెరా చప్పుడు మైకులో పడకూడదని అతణ్ణి కెమెరాతో సహా గాజు కిటికీ ఉన్న పెట్టెలాంటి గదిలో ఉంచి తలుపు బిగించేవారు. గాలి ఆడక, షాటు ముగిసేసరికి చెమటతో తడిసిపోయేవాడు.

ఇక గొంతుల తారుమారు. ఏళ్ల తరబడి ప్రొజెక్టరు నడిపినవాణ్ణి, ఆ సన్నివేశం ఎప్పుడు చూసినా నా చేతులు ఊరుకోవు. వైటాఫోన్ పద్ధతిలో ధ్వని ఫిల్ము మీద ఉండదు, 16 అంగుళాల గ్రామఫోను రికార్డు మీద ఉంటుంది. రీలుకు ఒక రికార్డు, సుమారు 11 నిమిషాలు. గుర్తు వేసిన ఫ్రేమును ప్రొజెక్టరులో వెలుగు పడే గేటులో నిలిపి, రికార్డు మీది గుర్తు దగ్గర ముల్లు ఆనించి, రెండింటినీ ఒకే మోటారుతో తిప్పాలి. రికార్డు నిమిషానికి 33⅓ చుట్లు తిరుగుతుంది కనుక, ముల్లు ఒక్క గాడి దాటి దూకితే మాట 1.8 సెకన్లు ముందుకు పోతుంది. ఈలోగా ఎదుటివాడు నోరు తెరిచాడంటే మీరు నవ్విన దృశ్యమే!

ఫిల్ము తెగినా తంటాయే. మా రోజుల్లో నాలుగు ఫ్రేములు కత్తిరించి అతికిస్తే ఎవరికీ తెలిసేది కాదు, ధ్వని కూడా ఫిల్ము మీదే ఉండేది. రికార్డుల కాలంలో సెకనుకు 24 ఫ్రేములు. పన్నెండు పోతే అక్కడినుంచి రీలు చివరిదాకా అర సెకను తేడా. అందుకే పోయినన్ని ఫ్రేములకు సరిగ్గా అంతే నల్ల ఫిల్ము అతికించేవారు. తెర ఒక్క క్షణం చీకటైనా మాట తప్పకూడదని.

ఇంకో సంగతి. కథలో కీచుగొంతు నాయికకు వేరొక అమ్మాయి గొంతు అరువిస్తుంది కదా? ఆమె డబ్బింగ్ చెప్పే సన్నివేశంలో మనకు వినిపించే చక్కని మాటలు, ఆ కీచుగొంతు పాత్ర వేసిన జీన్ హేగన్ సొంత గొంతువే.