డీవీడీ డ్రైవ్ లేని కొత్త పీసీలో మీ నాన్న గేమ్ సీడీలు ఎక్కించాలంటే

ఒరేయ్ అల్లుడూ,

నిన్న రాత్రి అక్క ఫోన్ చేసి నీ కొత్త పీసీ సంగతి, అటక మీద దొరికిన మీ నాన్న సీడీల పౌచ్ సంగతి అంతా చెప్పింది, క్యాబినెట్‌కి అద్దాలూ రంగు లైట్లూ తప్ప సీడీ పెట్టే చోటే లేదని మొహం వేలాడేసుకుని కూర్చున్నావంటగా. ఇప్పుడొచ్చే క్యాబినెట్లలో చాలావాటికి ఆ ఖాళీయే ఉండట్లేదు రా, లోపల డ్రైవ్ బిగిద్దామన్నా కుదరదు, అలాగని మార్చిపెట్టమని షాపుకి పరిగెత్తకు. ఫోన్‌లో చెప్తే నువ్వు సగం విని ఊ కొడతావు కాబట్టి రాసి పంపుతున్నా, మొత్తం చదివాకే చెయ్యి పెట్టు.

ముందు ఒక్కటి బుర్రలో పెట్టుకో. నీకు డ్రైవ్ అవసరం పడేది డిస్కుకి ఒక్కసారే. ఆ ఒక్కసారి దాన్ని మొత్తం చదివించి ఒక ఫైలుగా దించేసుకున్నావనుకో, ఇంక చాలా గేములకి ఆ డిస్కుని పౌచ్‌లోంచి తియ్యక్కర్లేదు. చాలామంది ఏం చేస్తారంటే యూఎస్‌బీ డ్రైవ్ పెట్టి నేరుగా సెటప్ నొక్కేస్తారు, గేమ్ ఎక్కుద్ది బానే ఉంటది, కానీ ఆడదామని కూర్చున్న ప్రతిసారీ డిస్కు పెట్టమని అడుగుద్ది, ఇరవై ఏళ్ల నాటి డిస్కుని రోజూ గిరగిరా తిప్పితే అది మాత్రం ఎన్నాళ్లు ఆగుద్ది చెప్పు.

సరే, ముందు డిస్కులు చూసుకో. అందరూ మెరిసే వైపు గీతలు చూసి భయపడతారు గానీ సీడీలో అసలు డేటా ఉండేది పై వైపు, బొమ్మ ప్రింట్ చేసిన పొర కిందే. కింద పడ్డ చిన్న గీతలు ఉన్నా డ్రైవ్ ఎలాగోలా చదివేస్తది, పైన గీత పడితే మాత్రం అక్కడితో పోయినట్టే. డీవీడీకి ఆ గొడవ తక్కువ, దాంట్లో డేటా రెండు పొరల మధ్యలో ఉంటది. ట్యూబ్‌లైట్‌కి ఎదురుగా సీడీని ఎత్తి పట్టుకుని బొమ్మ వైపు నుంచి చూడు, సూది పొడిచినట్టు వెలుతురు చుక్కలు కనపడ్డాయంటే ఆ చోట పొర లేచిపోయిందని అర్థం. తుడిచేది కూడా పాత కాటన్ బనియన్ గుడ్డతో, మధ్య నుంచి అంచు వైపుకి తిన్నగా లాగాలి, పళ్లెం తుడిచినట్టు గుండ్రంగా తిప్పకు.

ఇది నాకెలా తెలుసంటే, ఆ పౌచ్‌లో ఏజ్ ఆఫ్ ఎంపైర్స్ 2 సీడీ ఉంటది చూడు, దాని మీద నీలం బాల్ పెన్నుతో కీ నంబర్, అదే గేమ్ ఎక్కించేటప్పుడు అడిగే కోడ్, రాసి ఉంటది. ఆ గొప్ప పని చేసింది నేనే. కవర్ పోతే కీ పోద్దని తెలివిగా డిస్కు మీదే గట్టిగా నొక్కి రాశా, ఆ తర్వాత సెటప్ సగంలోకి వచ్చేసరికి డ్రైవ్ టక్ టక్‌మని కొట్టుకుని ఆగిపోయేది. డ్రైవే పాడైందని బావ కొత్తది కొన్నాడు పాపం. ఇప్పటికీ ఆయనకి తెలీదు, నువ్వూ చెప్పకు. దాని మీద టైమ్ వేస్ట్ చేసుకోకు, 2019లో డెఫినిటివ్ ఎడిషన్ వచ్చింది, గేములు ఆన్‌లైన్‌లో అమ్మే స్టీమ్‌లో సేల్ పెట్టినప్పుడు కొనుక్కో.

ఇంక డ్రైవ్ సంగతి. బయట పెట్టుకునే యూఎస్‌బీ డీవీడీ రైటర్ వెయ్యి, పదిహేను వందల్లో దొరుకుద్ది గానీ నా దగ్గర ఒకటి ఖాళీగానే ఉంది, పంపిస్తున్నా. దాన్ని క్యాబినెట్ ముందున్న పోర్టులకి గానీ హబ్‌కి గానీ పెట్టకు, వెనకాల మదర్‌బోర్డుకే ఉన్న పోర్టుకి పెట్టు. పాత యూఎస్‌బీ 2.0 పోర్టు 500 మిల్లీ ఆంపియర్ల దాకా ఇస్తది, డిస్కు తిరగడం మొదలెట్టే క్షణంలో ఈ డ్రైవ్‌కి అంతకంటే ఎక్కువ కావాలి, చాలకపోతే క్లిక్కు క్లిక్కుమని మాయమైపోద్ది, మనం డిస్కు పోయిందనుకుంటాం. అందుకే దానికి రెండు మూతుల కేబుల్ ఇచ్చారు, రెండూ గుచ్చు.

డిస్కుని ఫైలుగా దించడానికి నేను వాడేది ఇమ్‌జ్‌బర్న్, ఫ్రీయే. ఎక్కించేటప్పుడు కళ్లు మూసుకుని నెక్స్ట్ నెక్స్ట్ కొట్టకు, పక్కన ఇంకేదో సాఫ్ట్‌వేర్ అంటగట్టాలని చూస్తది, ఆ టిక్కులు తీసేయ్. డిస్క్ నుంచి ఇమేజ్ ఫైల్ చేసే బటన్ మొదటి పేజీలోనే ఉంటది. మామూలు డేటా డిస్కైతే ఐఎస్‌ఓ ఫైల్ ఒకటి వస్తది, సీడీ అయితే మహా అంటే 700 ఎంబీ, డీవీడీ అయితే నాలుగు జీబీ దాటొచ్చు. కొన్ని పాత గేములకి మాత్రం బిన్ ఒకటి, క్యూ ఒకటి, రెండు ఫైళ్లు వస్తాయి, కంగారుపడకు, ఆ రోజుల్లో గేమ్‌లో పాటలు మామూలు ఆడియో సీడీలో ట్రాకుల్లాగే పెట్టేవాళ్లు, 1996లో వచ్చిన క్వేక్ అలాంటిదే, ఆ సీడీని పాటల సీడీ ప్లేయర్లో పెడితే మ్యూజిక్ మోగేది. అలాంటి దాన్ని బలవంతాన ఐఎస్‌ఓ చేస్తే గేమ్ నడుస్తది గానీ మూగదైపోద్ది.

నీ ఫ్రెండ్ ల్యాప్‌టాప్‌లో డ్రైవ్ ఉంటే అక్కడే దించుకుని పెన్ డ్రైవ్‌లో తెచ్చుకున్నా పర్లేదు. పెన్ డ్రైవ్‌లో ఖాళీ బోలెడుంది కదా ఫైల్ పెద్దదైపోయిందని ఎందుకంటోంది అని మాత్రం నన్ను అడక్కు, ఫ్యాట్32 ఫార్మాట్లో 4 జీబీకి మించిన ఫైల్ ఒక్కటి కూడా పట్టదు, ఎక్స్‌ఫ్యాట్‌కి మార్చి కాపీ చెయ్యి. మార్చితే లోపలున్నదంతా పోద్ది, మీ అక్క పెళ్లి ఫోటోలు గట్రా ఉంటే ముందు తీసి పెట్టు.

తర్వాత పని సుఖం. విండోస్ 8 నుంచి ఐఎస్‌ఓ మీద రైట్ క్లిక్ కొట్టి మౌంట్ అంటే చాలు, నిజంగా డిస్కు పెట్టినట్టే కొత్త డ్రైవ్ ఒకటి కనపడుద్ది. బిన్, క్యూ అయితే విండోస్‌కి తెలీదు, విన్‌సీడీఎము అనే సాఫ్ట్‌వేర్ వేసుకుని క్యూ ఫైల్ మీద నొక్కు. రెండు సీడీల గేమైతే, వైస్ సిటీ అలాంటిదే, మధ్యలో రెండో డిస్కు పెట్టమంటే మొదటిదాన్ని ఎజెక్ట్ చేశాకే రెండోది మౌంట్ చెయ్యి, అప్పుడు అదే డ్రైవ్ అక్షరం మీద వస్తది, రెండూ ఒకేసారి పెడితే సెటప్ మొదటి అక్షరం దగ్గరే చూస్తా కూర్చుంటది. ఇంకోటి, గేమ్‌ని ప్రోగ్రామ్ ఫైల్స్‌లో వెయ్యకు, సీ డ్రైవ్‌లో గేమ్స్ అని ఫోల్డర్ పెట్టి అందులో వెయ్యి. పాత గేములు సేవ్ ఫైళ్లు తమ ఫోల్డర్లోనే రాసుకుంటాయి, విస్టా నుంచి విండోస్ అక్కడ రాయనివ్వదు, చాటుగా వేరే చోట దాస్తది, తర్వాత నీ సేవ్‌లు నీకే దొరకవు. డైరెక్ట్‌ప్లే, అంటే కొన్ని పాత గేములకి కావాల్సిన విండోస్ భాగం, వెయ్యాలా అని అడిగితే సరే అను.

ఇంతవరకూ అన్నీ కుదిరినా గేమ్ తెరుచుకోకపోవచ్చు, అసలు తలనొప్పి అక్కడే ఉంది, డ్రైవ్ లేకపోవడం దీని ముందు ఏ మూలకీ కాదు. 2000ల్లో వచ్చిన చాలా గేముల డిస్కుల్లో సేఫ్‌డిస్క్ అని ఒక తాళం ఉండేది, కాపీ డిస్కా ఒరిజినలా అని చూడ్డానికి విండోస్ లోపలి దాకా చొరబడే ఒక డ్రైవర్ ఫైల్ పెట్టేది. ఆ ఫైల్ దొంగలకి దారిచ్చేలా ఉందని మైక్రోసాఫ్ట్ 2015లో విండోస్ 10లో దాన్ని పెట్టనే లేదు, అదే ఏడాది సెప్టెంబర్లో అప్‌డేట్ పంపి విస్టా, 7, 8లో కూడా ఆపేసింది. అంటే మీ నాన్న డబ్బులు పోసి కొన్న ఒరిజినల్ డిస్కు, ఒరిజినల్ డ్రైవ్‌లో పెట్టినా నడవదు. నాకు ఇది అన్యాయంగానే అనిపిస్తది, కొన్నవాడికే శిక్ష, కోఠీ ఫుట్‌పాత్ మీద తెచ్చుకున్నవాడు హాయిగా ఆడుకున్నాడు. విండోస్ 95 కాలం నాటివి ఇంకో రకం, వాటిలో చాలావాటి సెటప్ 16 బిట్ది, నీ 64 బిట్ విండోస్‌లో అసలు మొదలే కాదు.

అప్పుడు నువ్వు ఆ తాళం తప్పించే ఫైల్ కోసం గూగుల్‌లో నో సీడీ క్రాక్ అని వెతుకుతావు, నాకు తెలుసు. వెతక్కు. ఒక కుర్రాడు అలాంటిదే నొక్కి ఫోటోలన్నీ తాళం పడ్డాక పీసీ నా దగ్గరికి మోసుకొచ్చాడు, నేను చేయగలిగింది ఫార్మాట్ కొట్టడమొక్కటే. దానికంటే ముందు జీఓజీలో చూడు, అక్కడ పాత గేముల్ని తాళాలు తీసి కొత్త విండోస్‌లో నడిచేలా సరిచేసి అమ్ముతారు, ఆఫర్లో వంద, రెండొందలకి వస్తాయి. కవర్ మీద స్టీమ్ గుర్తు ఉంటే డిస్కు మాట మర్చిపో, కీ కొట్టి నెట్ నుంచే దించుకో, జీటీఏ 5 బాక్స్‌లో కీ స్టీమ్‌ది కాదు రాక్‌స్టార్ కంపెనీది గానీ పద్ధతి అదే, అది ఏకంగా 7 డీవీడీల్లో వచ్చింది, అవన్నీ మార్చుకుంటా కూర్చునేకన్నా వైఫై నయం. కాకపోతే ఆ కీ ఎవరో ఒకరు ముందే వాడేసి ఉంటే మళ్లీ పనిచెయ్యదు, సెకండ్ హ్యాండ్‌లో బాక్స్ కొనేటప్పుడు అది చూసుకో. నీ పౌచ్‌లో ఉన్న నీడ్ ఫర్ స్పీడ్ మోస్ట్ వాంటెడ్, 2005ది, అది మాత్రం ఎక్కడా ఆన్‌లైన్‌లో అమ్మట్లేదు, కాబట్టి అన్నిటికంటే ముందు ఆ డిస్కు దించి రెండు చోట్ల దాచు, నడిపించే సంగతి నేనొచ్చాక చూద్దాం, నా పాత విండోస్ ఎక్స్‌పీ డబ్బా ఇంకా బతికే ఉంది.

కవర్ల వెనక ఉన్న కీలు అన్నీ ఈరోజే ఫోన్‌తో ఫోటో తీసుకో, రెండు కవర్లని అప్పటికే వెండి పురుగులు తినేశాయి నాకు గుర్తుంది.

డ్రైవ్ రేపు పొద్దున ఆర్టీసీ పార్సిల్లో వేస్తా, సాయంత్రానికి బస్టాండ్‌కి వెళ్లి తెచ్చుకో, రసీదు వాట్సాప్‌లో పెడతా. ట్రే ఇరుక్కుంటే ముందు వైపు సన్న బెజ్జం ఉంటది, కేబుల్ పీకేసి పిన్నీసు తిన్నగా చేసి గుచ్చితే బయటికొస్తది, స్క్రూడ్రైవర్ పెట్టి పెకలించకు. ఆ రెండు మూతుల కేబుల్ పోగొట్టావంటే మాత్రం మళ్లీ దొరకదు రా.

మీ మామయ్య