రొయ్య తగ్గలేదు, తూకం తప్పింది

ప్రశ్న: భీమిలి దగ్గర ఎకరం చెరువులో లక్ష వెనామీ రొయ్య పిల్ల వేశాను. 55వ రోజున మేత మిగిలిందో లేదో చూసే చెక్‌ట్రేలోంచి ఒక రొయ్యను తీసి తూస్తే 16 గ్రాములుంది. వారం తర్వాత ఇంకోటి తూస్తే 14 వచ్చింది. ఏదైనా జబ్బా? రోజుకు 48 కిలోల మేత వేస్తున్నాను. డీలరు గ్రోత్ మందు కలిపి మేత ఇంకా పెంచమంటున్నారు.

జవాబు: మీరు రాసినదాంట్లో జబ్బు ఆనవాళ్లేమీ లేవు. మొదటిసారి పెద్దది చేతికొచ్చింది, రెండోసారి కాస్త చిన్నది, అంతే. ఒక్క రొయ్యను కాటా మీద పెడితే చెరువు సంగతి తెలియదు.

ఉదయం మేత వేయకముందే నాలుగు మూలల్లో, మధ్యలో విసురు వల వేయండి. పడినవాటిలో ఏరొద్దు, చిన్నా పెద్దా అన్నీ బుట్టలో వేసి నీరు వడిసేదాకా ఆగండి. తడి బుట్టను ముందే తూచి రాసుకోండి. బుట్టతో 2,025 గ్రాములు, ఖాళీ బుట్ట 240 అనుకుందాం. రొయ్యల బరువు 1,785. లెక్కపెడితే 150 ఉన్నాయి. 1,785ని 150తో భాగిస్తే ఒక్కోటి 11.9 గ్రాములు. 1,000ని ఈ 11.9తో భాగిస్తే 84, చెరువుగట్టున వ్యాపారి అడిగే కౌంట్ (కిలోకి ఎన్ని రొయ్యలు) ఇదే. రెండు నెలలకు ఆ బరువుంటే ఎదుగుదల బాగానే ఉన్నట్టు. అమావాస్య, పున్నమి రోజుల్లో కుబుసం విడుస్తాయి కాబట్టి అప్పుడు వల వేయకండి.

అసలు దెబ్బ మేత దగ్గర పడుతోంది. 16 గ్రాముల చొప్పున లక్ష రొయ్యలంటే 1,600 కిలోలు, రోజు మేతగా అందులో 3 శాతం 48 కిలోలు. మీ లెక్క ఇదే కదా? వేసిన పిల్లంతా బతికిందని ఎవరు చెప్పారు? పై లెక్కలాగే 11.9 వచ్చి, 80 శాతం బతికాయనుకుంటే 952 కిలోలు. అదే 3 శాతం లెక్కన వాటికి 29 కిలోల మేత చాలు. మిగతా 19 కిలోలు రోజూ అడుగున కుళ్లి అమ్మోనియా అవుతుంది. అది పెరిగాక డీలరు దానికీ ఒక సీసా చూపిస్తాడు!

మీ తూకంలో ఎంతొస్తే దాన్నిబట్టి మేత సరిచేసి, నాలుగు పూటలుగా వేయండి. మేత వేసిన రెండు గంటలకు చెక్‌ట్రే చూసి, మిగిలి ఉంటే తర్వాతి పూట 10 శాతం కోయండి. రాత్రి నీటిలో గాలి కలిపే ఏరియేటర్లు ఆపొద్దు. గ్రోత్ మందు అక్కర్లేదు. డబ్బా మీద ఏముందో రాయని పొడుల్లో నిషేధించిన యాంటీబయాటిక్స్ ఉంటే ఎగుమతికి పోయే సరుకు వెనక్కొస్తుంది.

ఒక్క అనుమానం మాత్రం తీర్చుకోవాలి. మీ వలలో పడినవాటిలో సగటులో సగం బరువు కూడా లేనివి ఎక్కువగా కనబడితే, లేదా నీటి మీద తెల్లటి మలం దారాల్లా తేలితే, ఇ.హెచ్.పి. (రొయ్య ఎదుగుదలను ఆపే సూక్ష్మ పరాన్నజీవి) కోసం ల్యాబ్‌లో పీసీఆర్ పరీక్ష చేయించండి. ఆ ఫలితం చేతికొచ్చేదాకా ఏ మందూ కొనకండి.