మైకు ఎక్కడున్నదో ముందు చూపియ్యి

తమ్ముడూ,

తొలి టాకీల షూటింగు మీద నువ్వు రాసిన నాటిక చదివిన. మాటలు ఉషారుగున్నయి. మూడో రంగంల మాత్రం అందరు ఒకరి మీద ఒకరు పడుతున్నా నవ్వు రాలే. ఎవలు ఎందుకు పడ్తున్నరో తెల్వది. గడబిడ ఎక్కడ మొదలైతదో చూసేటోనికి ముందే తెలిస్తే, పడకముందే నవ్వుడు షురువైతది.

మైకుతోని మొదలువెట్టు. సింహాసనం చెయ్యికి సింహం తల ఉంటది గద, దాని నోట్లె మైకు దాచు. దాచేది అందరికి కనవడాలె. మొదటి టేకుల రాజు కూసోనే మాట్లాడుతడు, బాగొస్తది. రెండో టేకుల రోషంతోని లేచి రెండడుగులు నడుస్తడు. రికార్డింగాయనకు ఏమీ వినవడది. ఇగ యుద్ధం ప్రకటించాలన్నా వంగి సింహానికే చెప్పాలె. మంత్రి, సేనాపతి, ఏడ్చుకుంట వచ్చిన రాణి, అందరు రాజును విడిచిపెట్టి సింహానికే మొర పెట్టుకోవాలె. నలుగురు ఒక్కసారే వంగిన్రంటే కిరీటాలు కొట్టుకుంటయి, ఆ చప్పుడు మైకుల పడ్తది, టేకు పాయె. పడేది ఉంటే ఈడ పడనియ్యి.

ఒకటి తప్పకుండ దిద్దుకో. 1931ల బొంబాయిల మన దేశపు మొదటి టాకీ 'ఆలం ఆరా'ను మాట, బొమ్మ ఒకే ఫిల్ము మీద ఎక్కే పద్ధతిల తీసిన్రు. నువ్వేమో అదే ఏడు, అదే బొంబాయి అని రాసి, సూది జారి మాట తప్పినట్టు పెట్టినవు. సూది ఉండేది అమెరికావాళ్ల వైటాఫోన్ డిస్కుకు, అంటే బొమ్మ ఫిల్ము మీద, మాట వేరే గ్రామఫోను రికార్డు మీద ఉండే పద్ధతికి. అండ్ల ఫిల్ము తెగితే ఎన్ని ఫ్రేములు పోయినయో అన్ని నల్ల ఫ్రేములు అతకాలె. 24 ఫ్రేములు పోయినంక ఊకె అతికిన్రనుకో, బొమ్మ సెకను ముందు ఉరుకుతది. చెంపదెబ్బ పడ్డ సెకనుకు చప్పుడొస్తది. అది అంత ఇష్టమైతే దానికి వేరే నాటిక రాయి.

బొంబాయి కథకు రైలే చాలు. 'ఆలం ఆరా' తీసిన స్టూడియో రైలు పట్టాల పక్కనే ఉండెనాయె, అందుకే ఎక్కువగ రాత్రి 1 నుంచి 4 దాక, రైళ్లు ఆగినప్పుడు తీసిన్రు. ప్లేబ్యాక్ లేదు, పాట ఆడికాడికే. వాయించేటోళ్లు కెమెరాకు కనవడకుండ నక్కాలె. కాజీపేటల పెరిగినోనివి, గూడ్సుబండి ఎంతసేపు పోతదో నీకు చెప్పాల్నా? ఆఖరు చరణంల కూత వినిపియ్యి. వ్యాగన్లు అయిపోయేదాక ఎవ్వరు కదలొద్దు, తబలా మీద లేపిన చెయ్యి అట్లనే ఉండాలె. ఆ కూతకు రికార్డు పెట్టకు. నేరెళ్ల వేణుమాధవ్ ఊర్ల మిమిక్రీ చేసేటోళ్లకు కరువా? జనం నవ్వినంతసేపు ఆ మిమిక్రీ చేసేటోడు బండి కూతను పొడిగిస్తడు, నవ్వు తగ్గంగనే ఆపుతడు.

మూడో రంగం ఎనిమిది పేజీలున్నది. నాలుగుకు దించి పంపు.