బొమ్మలతో తీస్తే డాక్యుమెంటరీ ఎలా అవుతుంది?

ప్రశ్న: మా కాలేజీలో కంబోడియా మీద ‘ద మిస్సింగ్ పిక్చర్’ వేశారు. సినిమా నిండా మట్టిబొమ్మలే, అవి కదలవు కూడా. దీన్ని డాక్యుమెంటరీ అనొచ్చా? ఇంకో సంగతి, మాది ఉద్దానం. 1969-70 నాటి పోలీసుల రోజుల గురించి మా నాయనమ్మ చెప్పేది ఒకటి, పక్కింటి తాత చెప్పేది ఇంకొకటి. ఫోన్‌తో చిన్న సినిమా తీద్దామంటే ఎవరి మాట పట్టుకోవాలో తెలీక టెన్షన్‌గా ఉంది.
- ఒక డిగ్రీ విద్యార్థి, శ్రీకాకుళం జిల్లా

జవాబు: నిక్షేపంలా అనొచ్చు. అయిదేళ్ల అంతర్యుద్ధం గెలిచి 1975 ఏప్రిల్ 17న రాజధాని నామ్‌పెన్‌లోకి వచ్చిన ఖ్మేర్ రూజ్ అనే కమ్యూనిస్టు సేన ఊరు ఊరంతటినీ పల్లెలకు తోలేసింది. 1979 జనవరిలో దిగిపోయేలోపు ఆకలికీ చాకిరీకీ హత్యలకూ 15 లక్షలకు పైగా జనం పోయారు, దర్శకుడు రితీ పాన్ ఇంటివాళ్లూ అందులోనే. అప్పుడు కెమెరాలు లేక కాదు, ఉన్నవి ఖ్మేర్ రూజ్ చేతిలో ఉన్నాయి, వాటిలో కనపడేదల్లా నల్లబట్టలేసుకుని తట్టలు మోసే జనమే. అందుకే ఆయన మట్టితో బొమ్మలు చేయించాడు. తండ్రి బొమ్మకు తెల్ల సూటు, టై. కెమెరా దాని దగ్గరికి వెళ్తుంది, బొమ్మ మాత్రం రెప్ప వేయదు. ఇది చేత్తో చేసిందేనని సినిమా దాచదు. ప్రచార రీళ్లు దాచేది సరిగ్గా దాన్నే. నాకు ఆ బొమ్మే ఎక్కువ నిజం అనిపించింది.

ఇక మీ ఊరి సంగతి. (అప్పటి శ్రీకాకుళం నక్సలైట్ ఉద్యమాన్ని అంతర్యుద్ధం అనను, మనవాళ్లు పోరాటం అనే అంటారు.) 1757 నాటి బొబ్బిలి యుద్ధమే చూడండి, బొబ్బిలిలో పాపారాయుడు వీరుడు, విజయనగరం వెళ్తే వాళ్ల రాజుని డేరాలో పొడిచినవాడు. ఇన్నేళ్లయినా రెండూ ఒక కథ కాలేదు. మీరూ ఇద్దరి మాటా పెట్టండి, తీర్పు చెప్పకండి. కాకపోతే తేదీలూ చావులూ సరిచూసుకోవాల్సిందే, ఆ పోరాటం నడిపిన వెంపటాపు సత్యం, ఆదిభట్ల కైలాసం పోయింది 1970 జులైలో, ఎవరెలా గుర్తుపెట్టుకున్నా అది మారదు.

నాయనమ్మని ‘అప్పుడేం జరిగింది’ అని అడిగితే పదిమందీ అనేదే అంటుంది. బియ్యం ఎక్కడ దాచేవాళ్లు, రాత్రి తలుపు చప్పుడైతే ముందు ఎవరు లేచేవాళ్లు, ఇలాంటివి అడగండి. చెప్తూ చెప్తూ ఆగిపోతే ఆ మౌనాన్ని కత్తిరించకండి. ఫోన్ ఏరోప్లేన్ మోడ్‌లో పెట్టడం మర్చిపోవద్దు, మధ్యలో కాల్ వచ్చి రికార్డింగ్ ఆగిపోతే పెద్దవాళ్లు అదే మాట మళ్లీ అలా చెప్పరు, నేను ఒకసారి అలాగే పోగొట్టుకున్నాను.