ఇల్లూ వాకిలీ: డాబా కురుస్తోంది, పైన ఏం వేయించాలి?

ప్రశ్న: ఖమ్మంలో 1998లో కట్టిన ఇల్లు మాది. డాబా 1,000 చదరపు అడుగులు. రెండేళ్లుగా వానాకాలంలో హాలు మూల, పిట్టగోడ వారగా కురుస్తోంది. పెయింటర్ 20 లీటర్ల తెల్లపూత చాలంటున్నాడు. ఒక కాంట్రాక్టర్ తారు షీటు అంటున్నాడు. మేస్త్రీ ఇటుకముక్కల కోబా (సిమెంటుతో ఇటుకముక్కలు పరిచే పొర) వేద్దామంటున్నాడు. ఎవరి మాట వినాలి?

జవాబు: ముందు డాబా మీద నీళ్లు ఏం చేస్తున్నాయో చూడండి. వాన వెలిసిన మర్నాటికీ ఎక్కడైనా మడుగు ఉంటే వాటం సరిగా లేదని అర్థం. వాటం పది అడుగులకు అంగుళంపావు అయినా ఉండాలి. నాలుగంగుళాల వాననీటి గొట్టం 400 చదరపు అడుగులకు ఒకటి చొప్పున, అంటే మీ డాబాకు రెండు మూడు కావాలి.

ఇక తెల్లపూత లెక్క. 1,000 చదరపు అడుగులంటే 93 చదరపు మీటర్లు. డబ్బాలో ఉన్నదాంట్లో 60 శాతం ఆరాక మిగులుతుందనుకుంటే, 20 లీటర్లు ఆ మేరకు పరిస్తే మిగిలే పొర 0.13 మిల్లీమీటర్లు. విజిటింగ్ కార్డులో సగం మందం కూడా ఉండదు. ఒక మిల్లీమీటరు పొర రావాలంటే 155 లీటర్లు, అంటే 20 లీటర్ల బకెట్లు ఎనిమిది పడతాయి. కొటేషన్‌లో కంపెనీ పేరు కంటే ముందు చూడాల్సింది ‘ఆరాక మందం ఎంత, చదరపు మీటరుకు ఎన్ని లీటర్లు’ అన్నది. ఇది రాసివ్వడానికి వెనకాడేవాడికి పని ఇవ్వకండి.

అంత మందంగా వేసినా ఈ తెల్లటి అక్రిలిక్ పూత నిలవ నీటికి ఆగదు. నాని మెత్తబడి, పొరలుగా లేస్తుంది. వాటం బాగుండి, పైన తిరుగుడు తక్కువైతే అది చాలు, ఎండ వేడీ కొంత తగ్గుతుంది. మడుగులు కట్టే చోట వాటం సరిచేసి, ఒకటిన్నర మిల్లీమీటర్ల మందాన, రబ్బరులా సాగే పాలీయురేథేన్ పూత వేయించడం మేలు. దానిలో చాలా రకాలు ఎండకు పాడవుతాయి కాబట్టి పైన ఎండను తట్టుకునే టాప్‌కోట్ ఉందా అని అడగండి.

తారు షీటు మంచిదే, కానీ పనితనం మీద ఆధారపడుతుంది. చుట్ట మీటరు వెడల్పు, పది మీటర్ల పొడవు. పక్క అతుకు నాలుగంగుళాలు, చివరి అతుకు ఆరంగుళాలు ఉండాలి. చెమ్మ ఉన్న స్లాబు మీద మంటతో అతికిస్తే ఆవిరి పట్టి బుడగలు లేస్తాయి. మీటరు పాలిథీన్ షీటును నాలుగు వైపులా టేపుతో అంటించి మర్నాడు తీసి చూడండి. లోపల నీటిచుక్కలుంటే స్లాబు ఇంకా ఆరలేదు. మామూలు నల్ల షీటైతే పైన రక్షణ పొర కూడా కావాలి.

కోబా నాలుగంగుళాల మందం వేస్తే చదరపు మీటరుకు దాదాపు 200 కిలోల బరువు. పాత స్లాబు మీద అంత బరువు ఇంజనీరు చూడకుండా వేయించకండి. పైగా రేపు కింద కారితే నీరు ఎక్కడ దిగిందో కనిపెట్టడం కష్టం.

మీ అసలు జబ్బు మాత్రం పిట్టగోడ మొదట్లో ఉండొచ్చు. ఇటుకగోడ, కాంక్రీటు స్లాబు ఎండకు ఒకే తీరులో సాగవు, అందుకే ఆ కలిసే చోట సన్నని బీట పడుతూనే ఉంటుంది. దాన్ని సిమెంటుతో పూడిస్తే మళ్లీ ఎండాకాలానికి మళ్లీ విడుతుంది. గోడ మొదట్లో అడుగు ఎత్తు దాకా పాత ప్లాస్టరు కొట్టి తీసేసి, బీటను ‘వి’ ఆకారంలో గాడి చేసి, దుమ్ము పూర్తిగా తుడిచి, పాలీయురేథేన్ సీలెంట్ నింపాలి. ఆ మూలలో రెండంగుళాల గుండ్రటి వాటం కట్టి, ఫైబర్ మెష్ పట్టీ పరిచి, పూతను గోడ మీద అడుగు ఎత్తు దాకా తీసుకెళ్లాలి. పిట్టగోడ తల మీదా పూత వేయించండి. అక్కడ దిగిన నీరు గోడ లోపలి నుంచే వచ్చి, కింద మీరు వేసిన పూతను వెనక నుంచి తోస్తుంది. ఈ సంగతి చాలామంది మేస్త్రీలు వదిలేస్తారు.

హాలు సీలింగుకు తుప్పు మరకలుంటే, తట్టినప్పుడు బోలు శబ్దం వస్తే, ముందు స్లాబు లోపలి ఇనుప ఊచల మరమ్మతు. పైపూత తర్వాత.

పని మృగశిర కార్తె లోపు, పొద్దునే గానీ సాయంత్రం గానీ చేయించండి. మిట్టమధ్యాహ్నం కాలే స్లాబు మీద పూస్తే పైన పెచ్చు కట్టి, లోపల పచ్చిగా ఉండి ఉబ్బుతుంది. మొదటి పూత నిలువుగా, రెండోది అడ్డంగా. పూత పూర్తిగా ఆరాక తూములు మూసి, రెండంగుళాల నీరు 48 గంటలు నిలిపి కింద సీలింగు చూడండి. తుప్పు పట్టిన బలహీన స్లాబు మీద ఈ పరీక్ష వద్దు. చివరి బిల్లు ఈ పరీక్ష తర్వాతే కట్టండి.

ప్రశ్న: డాబాకు టైల్స్ వేయించాం, అయినా కారుతోంది. టైల్స్ మీదే పూత వేస్తే పోతుందా? (కాకినాడ)

జవాబు: నున్నటి టైల్‌ను పూత గట్టిగా పట్టదు, ముందుగా రాపిడి పెట్టి, తగిన ప్రైమర్ వేస్తే తప్ప. సందులోంచి దిగిన నీరు టైల్ కింద పాకి, పది అడుగుల అవతల కారవచ్చు. కాబట్టి కింద మరక ఉన్నచోటే పైన లోపం ఉందనుకోకండి. టైల్స్ గట్టిగా అతుక్కుని ఉంటే పాత గ్రౌటు (సందుల్లో నింపిన పూడిక) తీసి ఎపాక్సీ గ్రౌటు నింపించి, ఒక వానాకాలం చూడండి. తట్టితే చాలాచోట్ల బోలుగా మోగితే మాత్రం టైల్స్ లేపక తప్పదు.

ప్రశ్న: ఇవన్నీ ఎందుకు, పైన రేకుల షెడ్డు వేస్తే సరిపోదా? (నిజామాబాద్)

జవాబు: వాన స్లాబు మీద పడదు, నీడా దొరుకుతుంది. కానీ ఏటవాలు జల్లు పిట్టగోడను తడుపుతూనే ఉంటుంది. షెడ్డు కాళ్ల ప్లేట్లకు స్లాబులో బోల్టులు దించితే ప్రతి బోల్టూ ఒక కొత్త రంధ్రమే. పెడస్టల్ (చిన్న దిమ్మె) కట్టి దాని మీద బిగించి, చుట్టూ సీలెంట్ పెట్టించండి. గాలి రేకులను పైకి లాగుతుంది, అందుకే రేకులను బిగించే జె-హుకుల సంఖ్య తగ్గించమనకండి. వేసే ముందు మున్సిపాలిటీ అనుమతి సంగతి కనుక్కోండి.