మంచు కురిసే చోట జంతువులు ఎలా బతుకుతాయి?

ప్రశ్న: ధనుర్మాసంలో తెల్లవారుజామున మా రాజోలు వైపు నీళ్లలో కాలు పెట్టలేం. కోతలైన చేలల్లో మేపడానికి తోలుకొచ్చిన బాతులు మాత్రం ఆ నీళ్లలోనే గంటలకొద్దీ తిరుగుతాయి. అది చూసి మా అబ్బాయి, "మరి అలాస్కాలో మైనస్ 40లో జంతువులు ఎలా ఉంటాయమ్మా?" అని అడిగాడు. ఏం చెప్పాలో తెలియలేదు.
- ఒక పాఠకురాలు, రాజోలు

జవాబు: మీవాడు సరైన చోటే చూశాడమ్మా, సగం జవాబు ఆ బాతు కాళ్లలోనే ఉంది. ఒంట్లోంచి వెచ్చటి రక్తం కిందికి దిగే నాళాలూ, పాదాల్లో చల్లబడిన రక్తం పైకొచ్చే నాళాలూ ఒకదాన్నొకటి ఆనుకుని ఉంటాయి. దిగే రక్తం తన వేడిని దారిలోనే పైకెళ్లే రక్తానికి ఇచ్చేస్తుంది కాబట్టి నీళ్లపాలయ్యే వేడి చాలా తక్కువ, పాదం గడ్డకట్టకుండా కావలసినంత మాత్రం అందుతుంది. ధ్రువపు జింకల కాళ్లలోనూ ఇదే ఏర్పాటు.

ఇక అక్కడి మంచు మన పొగమంచు లాంటిది కాదు, నేల మీద మందంగా పేరుకుపోతుంది. వరిగడ్డి మేటులో చెయ్యి పెడితే వెచ్చగా ఉంటుంది చూడండి, లోపల గాలి చిక్కుకుని ఉండటం వల్ల ఆ మంచూ అలాగే దుప్పటిలా పనిచేస్తుంది. పైన మైనస్ 30 ఉన్నా అడుగున నేల దగ్గర సున్నాకి కాస్త అటూఇటూగా ఉంటుంది. చిన్న చిన్న ఎలుకలు అక్కడే సొరంగాలు చేసుకుని గడ్డి కొరుక్కుంటూ చలికాలం గడిపేస్తాయి. నల్ల ఎలుగులైతే నెలల తరబడి తిండీ నీళ్లూ లేకుండా, మూత్రం కూడా పోయకుండా పడుకుంటాయి.

నన్ను ఎప్పటికీ ఆశ్చర్యపరిచేది మాత్రం అలాస్కా అడవి కప్ప. రాలిన ఆకుల కింద నక్కి ఉంటుంది, చర్మం మీద మంచు పట్టడం మొదలవగానే కాలేయంలో దాచుకున్న పిండిపదార్థాన్ని గ్లూకోజుగా మార్చి రక్తంలోకి వదిలేస్తుంది. నీళ్లు గడ్డకట్టినంత తేలిగ్గా పాకం గడ్డకట్టదు కదా, ఆ తీపి వల్లే కణాల లోపలి భాగం చెడిపోకుండా ఉంటుంది. కణాల బయటి నీరు మాత్రం గడ్డకడుతుంది, ఒంట్లో నీటిలో దాదాపు మూడింట రెండు వంతులు మంచే! గుండె ఆగిపోతుంది, ఊపిరి ఉండదు, పట్టుకుంటే రాయిలా గట్టిగా ఉంటుంది. వసంతంలో మంచు కరిగాక ముందు గుండె కొట్టుకుంటుంది, తర్వాత కాళ్లు కదులుతాయి.

అందరికీ ఇది సాధ్యం కాదు, చలికి చనిపోయేవీ చాలానే. కొన్ని అసలు అక్కడ ఉండకుండా ఎగిరొచ్చేస్తాయి. సూదితోక బాతులు అలాంటివే, చలికాలంలో ఉత్తరాసియా నుంచి కొల్లేరుకు వస్తాయి. వీలుంటే ఈసారి మీవాణ్ని తీసుకెళ్లండి, పొద్దున్నే వెళ్తే తల నీళ్లలో ముంచి, సన్నటి తోక పైకెత్తి మేస్తూ కనిపిస్తాయి.