గొంతు మారితే అర్థం నిజంగా మారుతుందా?

మాటల కంటే గొంతే ముఖ్యమా, అర్థంలో మాటల వాటా 7 శాతమేనా అని అడిగారు. ముందు ఆ 7 శాతం సంగతి చెప్పేస్తాను. మనస్తత్వ శాస్త్రవేత్త ఆల్బర్ట్ మెహ్రాబియన్ 1967లో ప్రచురించిన రెండు ప్రయోగాల్లోంచి పుట్టిన లెక్క అది. ఎదుటి మనిషికి మనమంటే ఇష్టమో కాదో ఎలా పోల్చుకుంటాం అన్నదే ఆయన చూసింది, అదీ విడివిడి పదాలతో. అన్ని సంభాషణలకూ దాన్ని వర్తింపజేయొద్దని ఆయనే చెప్పారు.

కానీ గొంతు చేసే పని చిన్నదేం కాదు. నేను నర్సుని. ఉద్యోగంలో చేరిన కొత్తలో షుగర్ ఓపీలో ఒక పెద్దాయన వచ్చారు. రీడింగ్ 300 దాటింది. ఫైలులోంచి తలెత్తకుండానే "మాత్రలు వేసుకున్నారా?" అన్నాను. "వేసు" మీద నొక్కి, చివరి "రా"ని తుంచేశాను. ఆయన వెంటనే "ఆ, ఏసుకున్నానమ్మా" అన్నారు. అదే రాసుకున్నాను.

పక్కనే ఉన్న మా సీనియర్ సిస్టర్ స్టూలు లాక్కుని ఆయన ఎదురుగా కూర్చుంది. "మాత్రలు వేసుకున్నారా, పెద్దాయనా?" అంది. నేనడిగిన మాటలే. కాకపోతే నిదానంగా, "రా"ని కాస్త సాగదీసి, ఇంకా ఏదో వినాలన్నట్టు వదిలింది. ఆయన కాసేపు నేల చూసి, "ఆఁ..." అంటూ జేబులోంచి మాత్రల అట్ట తీశారు. పది మాత్రల్లో ఆరు అలాగే ఉన్నాయి. పొద్దున్నే మాత్ర వేసుకుని ఏమీ తినకుండా పొలం వెళ్తే కళ్లు తిరుగుతున్నాయట, అందుకే మానేశారట.

నా గొంతులో ఆయనకి వినిపించింది ప్రశ్న కాదు, "వేసుకోలేదు కదూ" అన్న నింద. నింద వినపడితే ఎవరైనా తప్పించుకునే జవాబే ఇస్తారు. ఆయన అబద్ధంలో సగం నాదే అని ఇప్పటికీ అనిపిస్తుంది.

మా నాన్న తెలుగు మాస్టారు. ఇది చెబితే, గొంతును బట్టి అర్థం మారడాన్ని కాకువు అంటారమ్మా అన్నారు. నాట్యశాస్త్రంలో భరతుడు దాన్ని రెండుగా చెప్పాడట. మాట ఇంకా మిగిలే ఉందనిపించేది సాకాంక్షం, ముగిసిపోయిందనిపించేది నిరాకాంక్షం. నేను ప్రశ్న అడుగుతూనే తలుపు వేసేశాను, సిస్టర్ తెరిచి ఉంచింది.

అలాగని మాటలు లెక్కలోకి రావనుకోకండి. కళ్లు తిరుగుతున్నాయని ఆయన నోరు విప్పి చెప్పాకే కదా, డాక్టరుగారు ఆ మాత్రని టిఫినుతో పాటు వేసుకునేలా మార్చి రాసింది.